పాటకు రెండు లీటర్లు

సంగీతం వినిపిస్తే ఆవులు ఎక్కువ పాలిస్తాయని లోకంలో ఒక నమ్మకం ఉంది. ఈ నమ్మకం ఆవులను పిండేవారిలో కంటే పాటలు పాడేవారిలో బలంగా ఉండటం గమనించదగిన విషయం.

"పాడేది పాడు నాయనా. నా గౌరి తన్నితే మాత్రం నన్నడగొద్దు," అన్నది గంగులమ్మ, ఆవు పొదుగు కడుగుతూ.

వడమాలపేటలో అప్పుడే తెల్లవారింది. కొట్టం ముందు భానుచందర్ మెరుపుల కోటు తొడుక్కొని నిలబడి ఉన్నాడు. టీవీ పాటల పోటీలో రెండో స్థానం తెచ్చుకొన్న నాటి కోటు అది. ఆ తరువాత ఏడాదిలో దాన్ని మూడుసార్లే తొడిగాడు: రెండు సెల్‌ఫోన్ దుకాణాల ప్రారంభానికి, అందరూ భోంచేసి వెళ్లాక మైకు చేతికిచ్చిన ఒక పెళ్లికి.

"పాలు పెరిగితే మా కేంద్రాలు ఇరవైరెండింట్లోనూ పొద్దునా సాయంత్రం నీ పాటే," అన్నాడు పాల సంఘం అధ్యక్షుడు సుందరరాజు. "వార్షికోత్సవంలో కచేరీ కూడా నీదే. పెరగకపోతే మీ నాయన చెప్పినట్టు విను."

"రేపటి నించి బంగారుపాళ్యం గుజ్జు ఫ్యాక్టరీలో మామిడికాయలు ఏరమంటాడన్నా! మాట్లాడేసినాడు కూడా. నువ్వే నన్ను కాపాడల్ల."

"నేను కాదప్పా, ఆవు కాపాడల్ల."

సుందరరాజు ముప్పై ఏళ్లు సైన్సు పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. అదే మేత, అదే చెయ్యి, అదే వేళ ఉండాలనీ, పాట ఒక్కటే కొత్తగా చేరాలనీ ముందే షరతు పెట్టాడు.

"మొన్న ఎన్ని లీటర్లక్కా?"

"ఆరు."

"నిన్న?"

"ఆరే."

"అంత కచ్చితంగా ఎట్లా?"

"దూడ ఆకలేసి అరుస్తాది. అది అరిస్తే నేను పిండేది ఆపి దాన్ని వదలతా. నాకు అదే గడియారం."

"మంచిది. ఈ పొద్దూ అట్లే చెయ్యి. ఏమీ మార్చొద్దు."

దూడ కొట్టం మూల గుంజకు కట్టి ఉంది. రెండు నెలల పెయ్యదూడ. భానుచందర్ గొంతు సవరించుకోగానే చెవులు నిక్కించింది.

"నన్ను గుర్తుపట్టినట్టుండాదే!" అన్నాడు అతడు సంతోషంగా.

"టీవీ సూసింటాదిలే. కానియ్, ఎండెక్కతాది," అన్నది గంగులమ్మ.

భానుచందర్ కళ్లు మూసుకొన్నాడు. కళ్లు మూసుకొని పాడితే భావం పండుతుందని పోటీలో ఒక న్యాయనిర్ణేత చెప్పినప్పటి నుంచి అతడు కళ్లు తెరిచి పాడలేదు. గంగులమ్మ ఆవు డొక్కకు నుదురు ఆనించి పిండసాగింది. సుందరరాజు చూపు బకెట్టు మీదినుంచి కదలలేదు.

సన్నగా మొదలైన రాగం రెండో చరణానికి పైస్థాయిని అందుకొంది. పోటీలో ప్రేక్షకులు లేచి నిలబడి చప్పట్లు కొట్టిన చోటు అదే. ఇక్కడ గోడ మీది కోళ్లు దిగి వెళ్లిపోయాయి. ఎక్కడో ఏదో పుటుక్కున తెగిన చప్పుడైంది. అది తన గొంతు కాదని నిర్ధారించుకొని భానుచందర్ మూడో చరణం ఎత్తుకొన్నాడు.

గంగులమ్మ పిండుతూనే ఉంది. బకెట్టులో నురగ అంచు దాకా వచ్చింది.

"సుందరన్నా, ఆ చెంబు ఇట్లందియ్! ఇంకా వస్తా ఉండాది!"

పాట ముగిసింది. చివరి చుక్క కూడా పడింది. సుందరరాజు తానే వంగి కొలిచాడు. నమ్మలేక మళ్లీ కొలిచాడు.

"ఎనిమిది!"

భానుచందర్ అక్కడికక్కడే తండ్రికి ఫోను చేశాడు.

"నాయనా! ఫ్యాక్టరీకి రానని చెప్పేయ్. గౌరికి నా పాట నచ్చింది!"

"ఏ గౌరిరా? ఎవురి బిడ్డ? వాళ్లది యా ఊరు?" అవతల మునిరామయ్య గొంతులో కొత్త ఆశ పలికింది.

"జెర్సీది నాయనా."

అవతలివైపు ఫోను పెట్టేసిన చప్పుడు వినిపించింది.

సుందరరాజు జేబులోంచి పుస్తకం తీసి, 'పాట లేకుండా ఆరు, పాటతో ఎనిమిది' అని రాసుకొన్నాడు. కచేరీ కాగితం మీద సంతకం చేయడానికి కలం ఎత్తాడు. అంతలో వాకిట్లో ఆటో వచ్చి ఆగింది.

"అత్తా!" అని కేకేశాడు ఆటో నడిపే జయరావు. "నీ దూడ పుత్తూరు రోడ్డులో నాకెదురొచ్చింది. తాడు తెంపుకోని, వెనకాల చిరుత తరిమినట్టు పరిగెత్తతా ఉండె. పట్టి ఎక్కించుకోనొచ్చినా."

అందరూ మూలకు తిరిగి చూశారు. గుంజకు మూరెడు తాడు వేలాడుతోంది.

దూడ ఆటో దిగి నేరుగా తల్లి పొదుగు దగ్గరికి వెళ్లింది. రెండుసార్లు మూతితో కుమ్మింది. ఏమీ రాలేదు. అప్పుడు నోరు తెరిచి గట్టిగా అరిచింది.

"అయ్యో నా తల్లీ!" గంగులమ్మ నోరు కొట్టుకొంది. "నువ్వు అరవలేదని నీ పాలూ పిండేస్తినే! ఆ రెండు లీటర్లూ నీవే కదే!"

"అట్లని యాడ రాసుండాది?" అన్నాడు భానుచందర్. అతడి మొహం మాత్రం అప్పటికే బంగారుపాళ్యం బస్సెక్కినట్టు ఉంది. "తాడు పాతదై తెగుంటాది. నా పాటకి పారిపోయిందని ఏం రుజువన్నా?"

ఆ మాట న్యాయమైనదే. సుందరరాజు కలానికి మూత పెట్టాడు.

"ఏ ప్రయోగమైనా రెండోసారి చేసి సూడల్ల. జయరావూ, ఆటో తీయొద్దు, అట్లే ఉండనీ. భానూ, ఒక్క పల్లవి పాడప్పా."

భానుచందర్ ఈసారి కళ్లు తెరిచే పాడాడు.

పల్లవి సగంలో ఉండగా దూడ తనంతట తానే ఆటో ఎక్కింది.