బేబీ పుట్టినరోజుకు పిలవని చుట్టం

"మహేశ్వరీ, గా టోపీ గాడు మళ్లొచ్చిండు. కిరాణ దుకాణం కాడ నిలవడ్డడు."

పక్కింటి నాగమణమ్మ గేటు పట్టుకుని ఆయాసపడుతూ చెప్పింది.

కేకు మీద గుడ్డ కప్పుతున్న మహేశ్వరి చెయ్యి ఆగింది.

"రానీ పిన్నీ. ఇయ్యాల నాకు డ్యూటీ గూడ లేదు."

కిషన్‌బాగ్‌లో ఆ గల్లీకి మహేశ్వరి గొంతు కొత్త కాదు. పద్దెనిమిదేళ్లుగా బస్సు కండక్టరు. ఎంత కిక్కిరిసిన బస్సులోనైనా ఒక్క కేకేస్తే ముందు డోరు దాకా వినపడాల్సిందే. భర్త పోయాక ఇంట్లో ఆమెకు తోడు బేబీ ఒక్కటే. గోధుమరంగు ఆడకుక్క.

మూడు నెలల కింద ఎవరో గేటు సందులోంచి విషం కలిపిన మాంసం ముక్క విసిరారు. తెల్లారేసరికి బేబీ నోట్లోంచి నెత్తురు.

మూడు రోజులు పశువుల ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని ఏడ్చింది మహేశ్వరి. బేబీ బతికింది. విషం పెట్టినవాడు మాత్రం దొరకలేదు.

"దొరకనీ. గీ గల్లీల నిలవెట్టి వాని ఇజ్జత్ తీయకపోతే నా పేరు మహేశ్వరే కాదు," అని అందరి ముందూ ఒట్టు పెట్టుకుంది.

నెల రోజులుగా ఒక మనిషి కనిపిస్తున్నాడు. యాభై దాటి ఉంటాయి. నీలం టోపీ, వాచ్‌మెన్ చొక్కా. ఎదురుగా నిలబడి వాళ్ల గేటులోకే చూస్తాడు. ఆమె బయటికి రాగానే జారుకుంటాడు.

"సచ్చిందా, బతికిందా అని చూసి పోతుండు," అంది నాగమణమ్మ ఒకనాడు.

ఆ మాట మహేశ్వరి గుండెలో మేకులా దిగింది.

ఇవాళ బేబీకి ఐదేళ్లు నిండాయి. బియ్యప్పిండి, కోడిగుడ్డు, క్యారెట్ తురుము కలిపి కేకు చేసింది. కుక్కలకు పడదని చక్కెర వెయ్యలేదు. ఉప్పు లేకుండా కోడిమాంసం ఉడికించింది. మెడకు చిరుగంటలున్న కొత్త ఎర్ర పట్టీ కట్టి, పొడుగు గొలుసు తగిలించింది.

గల్లీ పిల్లలు స్టీలు గ్లాసులు బోర్లించి, ఒకదాని కింద మాంసం ముక్క దాచారు. బేబీ ముక్కు ఆడించుకుంటూ వచ్చి సరిగ్గా ఆ గ్లాసునే తోసింది. పిల్లలు గంతులేశారు.

అప్పుడు వచ్చాడు అతను, గేటు దాకా. చేతిలో పాత పేపర్లో చుట్టిన పొట్లం.

"అమ్మా... ఇయ్యాల దీని పుట్టినరోజంట గదా."

"నీకెవరు చెప్పిన్రు?"

అతను తడబడ్డాడు. "ఒక్కసారి తల నిమిరి పోత అమ్మా. గంతే."

"పొట్లంల ఏంది?"

"బంతి. మా దాంది. ఇది ఆడుకుంటదని..."

"బంతికి ఏం పూసి తెచ్చినవ్ ఈసారి?"

"అయ్యో, గట్ల కాదమ్మా, నేను..."

మహేశ్వరి వినలేదు. పొట్లం గుంజుకుని, విప్పనైనా విప్పకుండా ఎదురుగా మురుగు పారే మోరీలోకి విసిరేసింది.

అతను మోకాళ్ల మీద కూలబడి మోరీలో చెయ్యి పెట్టాడు. మోచేతి దాకా ముంచి వెతికాడు.

"చూసిన్రా! దొరికిపోతడని దాచిపెడుతుండు!" అని అరిచింది మహేశ్వరి.

అతన్ని చొక్కా పట్టుకుని లేపి చెంప మీద కొట్టింది. టోపీ ఎగిరి పడింది. గల్లీ అంతా చుట్టూ మూగింది. నాగమణమ్మ ఫోన్‌లో వీడియో తీస్తూనే ఉంది.

బేబీ మాత్రం తోక ఊపుకుంటూ, గొలుసు తెంపుకునేలా అతని మీదికి దూకుతూ ఒకటే అరుపు.

"అది గూడ గుర్తువట్టింది!" అంది మహేశ్వరి విజయంగా.

అతను బేబీని ఒక్కసారి కళ్లారా చూశాడు. తడిసిన చేత్తోనే దండం పెట్టాడు.

"తప్పయింది అమ్మా," అని వెళ్లిపోయాడు. టోపీ తీసుకోలేదు.

'కుక్కలకు విషం పెట్టేటోడు' అని రాసి ఆ వీడియోను గల్లీ గ్రూపులో పెట్టింది మహేశ్వరి. అక్కడి నుంచి అది బహదూర్‌పురా దాకా పోయింది. అతను పనిచేసే ఫంక్షన్ హాలు ఓనరు చూశాడు. నాలుగో రోజు నాగమణమ్మ కబురు తెచ్చింది.

"నౌకరీ పోయింది. రూం గూడ ఖాళీ చేపిచ్చిన్రంట. ఎటు పోయిండో ఎవలకీ ఎరక లేదు."

"మంచిగైంది," అంది మహేశ్వరి. బేబీ మొహాన్ని రెండు చేతుల్లోకి తీసుకుంది. "నీ పగ దీర్చిన బిడ్డా."

ఆ వారం కడుపునిండా తిన్నది. బస్సులో అడిగినవాళ్లకూ, అడగనివాళ్లకూ వీడియో చూపించింది.

వారం తర్వాత బేబీకి సూది వేయించడానికి ఆసుపత్రికి వెళ్లింది. డాక్టర్ కీర్తిప్రియకు తనే ఫోన్ అందించింది.

"చూడుండ్రి మేడం, దొంగను ఎట్ల వట్టిన్నో."

డాక్టరమ్మ వీడియో చూసింది. మళ్లీ మొదటి నుంచి చూసింది.

"ఈయన వైకుంఠం. బేబీ పుట్టినరోజు ఎప్పుడో, మీ ఇల్లెక్కడో ఈయనకు నేనే చెప్పిన," అంది మెల్లగా.

"మీరా? మీకు ఎట్ల తెలుసు మేడం వాడు?"

"తన పేరు మీకు చెప్పొద్దన్నడు, అందుకే ఇన్ని రోజులు చెప్పలే."

డాక్టరమ్మ వేళ్లు బేబీ మెడ మీద, నాడి కొట్టుకునే చోట ఆగాయి.

"ఆ రోజు మీరు బయట మెట్ల మీద ఏడుస్తుంటే, ఈయన తన కుక్కను తోలుకొచ్చి దాని నెత్తురు మీ బేబీకి ఎక్కిపిచ్చిండు, పోయిన నెల అది లారీ కింద వడి చచ్చిపోయిందమ్మా, ఇంక ఈ లోకంల ఆయనకు మిగిలింది బేబీ ఒంట్ల తిరిగే ఆ నెత్తురొక్కటే."