పెద్ద సాబ్ శిష్యుడు

"ముందు మోకాలు! తర్వాత తుంటి! ఆపైన భుజం! తల ఆఖరున! ఫిర్ సే!"

పెద్ద సాబ్ చేతికర్రతో పిక్క మీద పొడిచాడు. ఖాసిం మళ్ళీ పెరట్లో బోర్లాపడ్డాడు. షార్జా ఇసుక నోటి నిండా కరకరలాడింది. చెప్పు కింద నలిగినట్టున్న ముక్కును ఎగబీలుస్తూ ముసలాయన "షాబాష్!" అన్నాడు.

"పడేది బాగనే వచ్చింది సాబ్. కొట్టేది ఎప్పుడు నేర్పిస్తారు?"

"తొందరేముంది? ముందు పునాది గట్టిపడనీ."

చంటిపిల్లను భుజాన వేసుకుని వంటింటి గుమ్మంలో నిలబడ్డ హుస్సేనమ్మ అందుకుంది.

"సాబ్ చెప్పినట్టే చెయ్యయ్యా. మధ్యలో నీ సొంత తెలివి పెట్టొద్దు."

ఇదంతా ఖాసిం నోటిదూల తెచ్చిన తంటా. ఇండస్ట్రియల్ ఏరియాలో లారీ బాడీలు కట్టే షెడ్డులో అతను వెల్డరు. పోయిన బక్రీదు బాక్సింగు పోటీలో తోటి వెల్డరు పోశయ్యను ఒక్క గుద్దుతో పడేసిన సంగతిని క్రేను నడిపే పఠాను గుల్ జమాన్ టీ తాగేచోట మళ్ళీ చెప్పుకుని మురిసిపోతుంటే, ఖాసిం నోరు ఊరుకోలేదు.

"మా ప్రొద్దుటూర్లో నీలాంటోళ్ళను చంకలో పెట్టుకోని తిరిగేవాణ్ణి" అన్నాడు.

షెడ్డంతా ఈలలు వేసింది. సాయంత్రానికల్లా ఈ బక్రీదు పోటీకి ఇద్దరి పేర్లూ ఫోర్మన్ సుద్దముక్కతో గోడకెక్కించాడు.

ఆ మాట చెవిన పడగానే పిల్లకు ఉగ్గు పెడుతున్న హుస్సేనమ్మ చెయ్యి ఆగిపోయింది.

"పోశయ్య గతి మర్చిపోయినావా? పడేటప్పుడు మణికట్టు విరిగి రాడ్డు పట్టుకోలేకపోతే ముదీర్ ఏం జేసినాడు? పని ఖలాస్ అని ఊరికి విమానం ఎక్కించినాడు. రేపు నిన్నూ అట్లే పంపిస్తే మన బతుకేం గాను?"

"పేరు తీసేపిచ్చుకుంటే గుల్ జమాన్ నాకు గాజులు కొనిస్తాడే! షెడ్డులో తలెత్తుకుని తిరగాలా వద్దా?"

హుస్సేనమ్మ పిల్ల మూతి తుడుస్తూ ఆలోచించింది. తుడవాల్సిన దానికన్నా ఎక్కువసేపే తుడిచింది.

"సరే, కొట్లాడు. ఊరికే పోయి మీద పడకుండా నేర్చుకోని కొట్లాడు. పెద్ద సాబ్‌ను నేనడుగుతా."

పెద్ద సాబ్ అంటే షెడ్డు ముదీర్‌కు, అదే మేనేజరుకు, తండ్రి. ఇంగ్లండు మనిషి, 1975 నాటికే ఎనభై దాటాయి. ఆయన మందులూ తిండీ చూసుకుంటూ, ఆయన గది ఊడ్చి తుడిచే పనికే హుస్సేనమ్మకు ఆ బంగళా వెనక గది ఇచ్చారు. మొదటి పెద్ద యుద్ధానికి ముందు ఆయన ఇంగ్లండులో బాక్సింగే బతుకుగా బతికాడట. తర్వాత సిపాయిగా సికిందరాబాదు వచ్చి ఉర్దూ పట్టుకున్నాడు.

ఆయన గది గోడ నిండా పాత ఫోటోలే. పనివాడు కనుక ఖాసిం గుమ్మం దాటకుండానే తొంగిచూశాడు. ప్రతి ఫోటోలోనూ నిక్కర్లేసుకున్న ఇద్దరు దొరలు, మధ్యలో ఒకడి చెయ్యి పైకెత్తి పట్టుకున్న పెద్దమనిషి. దొరలందరూ ఖాసిం కంటికి ఒక్కలాగే ఉన్నారు. ఇన్నిసార్లు చెయ్యి ఎత్తించుకున్న మొనగాడు తనకు గురువుగా దొరికాడని అతని గుండె పొంగింది.

"దెబ్బలు బాగా తగిలేవా సాబ్?" అని అడిగాడు.

"వారం వారం ఆడేవాణ్ణి. ముక్కు పోయింది గానీ, ఎముక ఒక్కటీ విరగలేదు."

"అట్లుండాల మొగోడంటే!" అన్నాడు ఖాసిం పెళ్ళాం వైపు చూసి. ఆమె తల ఊపింది.

పోటీ ముందురోజు సాబ్ ఆఖరి పాఠం చెప్పాడు. "పడ్డాక కంగారుపడి లేవొద్దు. పక్కన ఒకడు అంకెలు లెక్కబెడతాడు. వాడి నోరు మూతపడిన తర్వాతే లేవాలి. ఈలోపల ఒంట్లో బలం కూడుతుంది."

"లేచినాక కొట్టొచ్చా?"

"లేచాక నీ ఇష్టం."

షెడ్డు ముందర డ్రమ్ముల చుట్టూ తాడు కట్టారు. గుల్ జమాన్ దున్నపోతులా దూసుకొచ్చాడు. అతని పిడికిలి భుజానికి తగిలీ తగలకముందే ఖాసిం మోకాలు తనంతట తానే మడుచుకుంది. తర్వాత తుంటి. ఆపైన భుజం. తల ఆఖరున, తలగడ మీద ఆనించినంత మెల్లగా. ఫోర్మన్ వంగి అంకెలు మొదలుపెట్టాడు. ఖాసిం కళ్ళు మూసుకుని బుద్ధిగా విన్నాడు. నోరు మూతపడగానే చెంగున లేచి, పిడికిళ్ళు బిగించి, "యల్లా! రా ఇప్పుడు!" అని గర్జించాడు.

అప్పటికే పది అంకెలూ అయిపోయి, ఫోర్మన్ గుల్ జమాన్ చెయ్యి పైకెత్తి పట్టుకుని ఉన్నాడు.

షెడ్డు షెడ్డంతా పొట్టలు పట్టుకుని నవ్వింది. గుల్ జమాన్ కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ వచ్చి ఖాసింను కావలించుకున్నాడు. ఓడిపోయాక ఇంత రోషంగా లేచినవాణ్ణి తన జన్మలో చూడలేదని, ఇకనుంచి టీ తన పక్కనే కూర్చుని తాగాలని అన్నాడు.

ఖాసిం తిన్నగా బంగళాకు వచ్చి, గుమ్మం సంగతి కూడా మరిచి సాబ్ గదిలోకి దూసుకుపోయాడు. వెనకే హుస్సేనమ్మ పరుగెత్తుకొచ్చింది.

"గెలిచేది ఒక్క దినమన్నా నేర్పకపోతిరి కదా సాబ్!"

"నాకు వస్తే కదా బేటా" అన్నాడు సాబ్.

"మరి ఈ ఫోటోలు?"

"చెయ్యి లేచినవాణ్ణి కాదు, పక్కవాణ్ణి చూడు."

ఖాసిం దగ్గరికి వెళ్ళి చూశాడు. చెయ్యి లేచినవాడు ఫోటోకొకడు. పక్కన నిలబడ్డ చప్పిడిముక్కువాడు మాత్రం అన్నిట్లోనూ ఒక్కడే.

"ఊరి వీరుడు గెలవాలంటే ఎవడో ఒకడు పడాలి కదా" అన్నాడు సాబ్ తృప్తిగా. "అందుకే నన్ను పిలిచేవాళ్ళు. దెబ్బ తగలకుండా పడటం, మళ్ళీ వారానికి క్షేమంగా తయారవడం. అదే నా విద్య."

ఖాసిం నెత్తి కొట్టుకుంటూ పెళ్ళాం వైపు తిరిగాడు. "విన్నావా? ఒక్కటీ గెలవని మనిషిని నాకు గురువును చేసినావు! ఇద్దరం ఎట్ల మోసపోయినామో చూడు!"

హుస్సేనమ్మ మొగుడి మణికట్లు రెండూ తడిమి చూసింది. తర్వాత పైట చెంగుతో ఒక ఫోటో అద్దం మీది ఇసుక దులిపింది.

"ఈ ఫోటోలు దినామూ తుడిచేది నేనే కదయ్యా."