కుందేలు బొమ్మ డబ్బా

పొద్దున్నే తడి గవ్వల గంప కొట్టు ముందు దిగిందో లేదో, ఆ ముసలాయన ఎక్కడున్నా వచ్చి వాలేవాడు.

చేతిలో పట్టకారు, చంకలో పిల్లలు బడికి పట్టుకెళ్లే అన్నం డబ్బా. మూత మీద వెలిసిపోయిన కుందేలు బొమ్మ. గంపంతా కెలికి, ఏవో రెండు మూడు గవ్వలు డబ్బాలో వేసుకుని, మాటా పలుకూ లేకుండా వెళ్లిపోయేవాడు. ఏనాడూ ఒక్కటి కొన్న పాపాన పోలేదు.

ఆ గవ్వల కొట్టుని మొగుడూ పెళ్లాలు తీసుకుని మూడు నెలలే అయింది. మొగుడు మెత్తని మనిషి, పోనీలే పెద్దాయన అనేవాడు. పెళ్లానికి మాత్రం ఒళ్లు మండేది. కెలుకుడు తాత అని పేరు పెట్టింది ఆవిడే.

ఆ వేళ కనిపెట్టి కూర్చుంది. తాత ఏరుతున్నవన్నీ ఐస్‌క్రీం కోనులా ఉండే చారల గవ్వలు. కొట్టుకొచ్చినవాళ్లు ముందు అడిగేవి అవే.

ఆవిడ డబ్బా లాక్కుంది.

"సిగ్గులేదా తాతా, ఈ వయసులో దొంగతనమా?"

"అవి బతికున్నాయమ్మా. చేత్తో..."

"బతికుంటే మరిగే నీళ్లలో వేస్తాం. మాకు తెలీదా? ఇంకోసారి ఈ గుమ్మం తొక్కావో, మర్యాద దక్కదు."

నలుగురూ చూస్తుండగా డబ్బాలోవి గంపలో కుమ్మరించింది. డబ్బా తిరిగివ్వలేదు. తాత ఒట్టి పట్టకారుతో తల వంచుకుని వెళ్లాడు. ఆవిడ మనసు చల్లబడింది.

గవ్వల్ని ఉడకబెట్టే ముందు పెద్దవీ చిన్నవీ వేరుచేయాలి. ఆ పని మొగుడిది. ఒక చారల గవ్వని అరచేతిలో పెట్టుకుని తుడుస్తూ ఉలిక్కిపడ్డాడు. సూది గుచ్చినట్టుందని నవ్వాడు కూడా. కాసేపటికి పెదాలు మొద్దుబారాయన్నాడు. తర్వాత మాట ముద్దగా వచ్చింది. ఆ తర్వాత వాలిన రెప్పలు ఎత్తలేకపోయాడు.

ఆస్పత్రిలో మిషను ఊపిరి పోస్తోంది. ఏదో ఒక మందు వేయమని ఆవిడ డాక్టరమ్మ కాళ్లావేళ్లా పడింది.

"ఆ గవ్వలో ఉండే నత్త విషానికి విరుగుడు లేదమ్మా. అది దిగేదాకా ఊపిరి అందించడమే. మీరు తెచ్చేసరికే గుండె ఒకసారి ఆగింది. మాట ఇవ్వలేను."

ఆవిడ మొగుడి చెయ్యి పట్టుకుంది. ఆ చెయ్యి తిరిగి పట్టుకోలేదు.

ఏ రకం నత్తో చూపించమంది డాక్టరమ్మ. ఆవిడ సంచిలోంచి డబ్బా తీసింది. కుట్టినదాన్ని అందులోనే వేసి తెచ్చింది.

డాక్టరమ్మ మూత తీయలేదు. కుందేలు బొమ్మనే చూస్తూ ఉండిపోయింది.

"ఇవాళ ఆయన రాలేదా?"

"వచ్చాడు. దొంగనుకుని నేనే తరిమేశాను."

డాక్టరమ్మ కోప్పడినా బాగుండేది. నెమ్మదిగా చెప్పింది. మొదట్లో ఆయన గంపగంపకీ తిరిగి చెప్పి చూశాడట. ఎవరూ చెవిన పెట్టలేదు. అందుకే బతికున్న ఆ నత్తల్ని తనే ఏరి సముద్రంలో వదిలొస్తాడు. ఆయన ఏరడం మొదలుపెట్టాక ఈ తొమ్మిదేళ్లలో ఇలాంటి కేసు ఒక్కటీ రాలేదు.

"ఎవరమ్మా ఆయన?"

"తాతకి చూపించాలని ఈ డబ్బాలో నత్తని దాచి తెచ్చి, ఇదే గదిలో కన్ను మూసిన ఒక పాపకి తాత."