జైతూన్ బీ కడగని పెంకులు

అరబ్బు దేశపు హాయిల్ పట్నం ఆఫీసులో తెలుగు చదవగలిగిన అమ్మగారికి, తవ్వకాల క్యాంపులో పెంకులు కడిగే జైతూన్ బీ చెప్పి రాయిస్తున్నది.

పాత రోమ్ సిపాయిల కోటలో దొరికిన కుండ పెంకుల మీది సిరా రాతలను నేనే తోమి చెరిపేశానట. ఆదివారం నా పాస్‌పోర్టులో ఎగ్జిట్ కొట్టి, పని తీసేసి ఊరికి పంపేస్తారట. "చదువు రాని ముసల్ది, అక్షరమని తెలీక తోమేసింది సార్" అని చెప్పింది మా సూపర్‌వైజరు కాలేషా. నా సొంత అక్క కొడుకు.

నాకు అక్షరం రాదు. అందుకే ప్రతి మరకా అక్షరమేమోనని భయపడతాను. ఒక్కో పెంకునూ నీళ్లలో ముంచి, వెలుతురుకు తిప్పి చూస్తాను. నల్లగీత తేలితే బ్రష్షు తాకించను, నీడలో ఆరబెడతాను. మూడేళ్లలో అలా ఎన్ని ఏరిచ్చానో మీ రిజిస్టరే చెబుతుంది.

మొన్న బుట్టెడు పెంకులను ఆసిడ్ నీళ్ల తొట్టిలో కుమ్మరించింది కాలేషా.

"ఒరే, ఇంగా ముంచి చూడలేదురా!" అని అరిచాను.

"నువ్వు ముంచి చూసేకి ఎప్పుడవుతాది చిన్నమ్మా? పెద్దసారు వచ్చే లోపల తెల్లగా మెరవాల" అన్నాడు.

మెరిశాయి. రాత ఒక్కటీ మిగల్లేదు.

అమ్మగారూ, దీన్ని నాకు ఫోనులో చదివి వినిపించండి. ఒక్క మాట తగ్గినా పట్టుకుంటాను. ఎందుకంటే ఈ క్యాంపులో తెలుగు రాయడం వచ్చినవాడు కాలేషా ఒక్కడే. ఇదంతా రాస్తున్నది వాడే.

చిన్నప్పుడు బడికి పోనని మొండికేస్తే చంకనేసుకుని పోయి పలక ముందు కూర్చోబెట్టింది నేనే. ఈరోజూ అలాగే కూర్చోబెట్టాను. ఏడుస్తున్నాడు.

"ఇది గూడా రాయల్నా చిన్నమ్మా?" అంటున్నాడు.

రాయరా. అది కూడా రాయి.