వెర్లిన్ పేరు లేని కాగితం

పార్టీ తరఫున ఎవరు నిలబడాలో తేల్చే ప్రాథమిక ఎన్నికలో మా తమ్ముడు వెర్లిన్ పోటీ చేయడం ఇది నాలుగోసారి. ఈసారి ఒక్క ఓటుతో ఓడిపోయాడు.

మర్నాడు పొద్దున ఓటర్ల జాబితా పట్టుకుని మా వంటింట్లోకి వచ్చాడు. మా ఇండియానా రాష్ట్రంలో ఓటు ఎవరికి వేశారన్నది రహస్యమే గానీ, రెండు పార్టీల ఓటు కాగితాల్లో ఏది అడిగి తీసుకున్నారన్నది ఎవరైనా చూడొచ్చు. ఆ సంగతి నాకు తట్టనే లేదు.

రూబార్బ్ కాడలతో చేసిన తీపి రొట్టె ముక్క పళ్ళెంలో పెట్టాను. ముట్టలేదు. పేర్ల వెంట జరుగుతున్న వేలు ఒకచోట ఆగింది.

"అక్కా, అవతలి పార్టీ కాగితం తీసుకున్నావా?"

"తీసుకున్నాను."

"చర్చిలో నా కోసం మోకాళ్ళ మీద ప్రార్థన చేశావు కదక్కా!"

"నువ్వు బతకాలని చేశానురా. గుండెకు ఆపరేషనయి ఆర్నెల్లు కాలేదు, ఊరంతా గడపగడపా ఎక్కి దిగావు. మన కాగితంలో నీ పేరుంటుంది. అది కనబడితే నా చెయ్యి ఊరుకోదు."

వాడు జాబితా మడిచి, పళ్ళెం ముందుకు లాక్కున్నాడు.

"నీ ఓటు పడినా నాకూ, గెలిచినవాడికీ ఓట్లు సమానమయ్యేవి, అంతే. గెలవాలంటే ఇంకొకటి కావాలి."

"అదెవరు వెయ్యలేదో వెతుక్కో మరి."

"వెతకనక్కర్లేదు. నా పేరు దగ్గర పెన్ను పెట్టి నిలబడ్డానక్కా. గెలిస్తే మళ్ళీ ఎక్కాల్సిన ఆ మెట్లన్నీ గుర్తొచ్చాయి. ఖాళీగా వదిలేసి వచ్చేశాను. నీకెలా చెప్పాలా అని రాత్రంతా ఒకటే భయం."