రుమాలు చాటు సంబంధం

హెండర్సన్ సినిమా హాల్లో ఇంకా దీపాలు ఆర్పలేదు. అదే వచ్చిన చిక్కు. ‘ఫ్రెంచి శృంగార చిత్రాల స్వర్ణయుగం’ అని పండగ పెట్టినవాళ్ళకి, జనం లోపలికొచ్చే వేళకి చీకటి చెయ్యాలన్న ఇంగితం ఉండొద్దూ? ఈశ్వరరావు రుమాలు ముక్కు మీదికి లాక్కుని చివరి వరసలోకి దూరాడు. ఇంట్లో గుడికని చెప్పి వచ్చాడాయె. ఈ దేశపు కివీలు మాత్రం మొగుడూ పెళ్ళాలు జంటలుగా వచ్చి, సిగ్గూ ఎగ్గూ లేకుండా ఐస్‌క్రీములు తింటూ ఒకరినొకరు పలకరించుకుంటున్నారు.

పక్కసీటు వైపు చూస్తే, అక్కడా ఒక రుమాలు ముఖం!

“తెలుగువారా?” అన్నాడు ఉండబట్టలేక.

“ఈ దేశంలో ఇంకెవరు ముసుగేసుకొస్తారండీ! మాది తెనాలి. పేర్లు మాత్రం వద్దు.”

“వద్దొద్దు. మాది గుడివాడ. కాలేజీ రోజుల్లో ఈ సినిమా మార్నింగ్ షో చూశా.”

“నేనూ అంతే. ఆ పిల్ల తలుపేసుకునేది, మరుక్షణం కాఫీ తాగుతుండేది. మధ్యలోది సెన్సారువాళ్ళు మింగేశారు.”

“అప్పట్నించీ అదే బెంగండీ నాకు!”

ఆ మధ్యలోది ఇద్దరూ రెప్ప వెయ్యకుండా చూశారు.

సినిమా అయ్యాక తెనాలాయన నిట్టూర్చాడు. “రేపు పదకొండింటికి ఇంకోటి వేస్తారట, అదీ కోతల్లేకుండా. నాకు ప్రాప్తం లేదు. అదే టైముకి మా స్పందనకి పెళ్ళిచూపులు.”

“టైము మార్చమనలేకపోయారా?”

“అమ్మో! పిల్లాడి తండ్రి ఉత్త చాదస్తుడట. ముహూర్తం పెట్టింది ఆయనే. సినిమా అంటేనే మండిపడతాడట. ఫోన్లో మాట్లాడుకున్నదంతా ఆడవాళ్ళే, నేనింకా ఆయన్ని చూడలేదు. నేనిక్కడున్నట్టు తెలిస్తే సంబంధం గోవిందా! పిల్లాడు గౌతమ్ మాత్రం బంగారం.”

ఈశ్వరరావు రుమాలు ఇంకాస్త పైకి లాక్కున్నాడు. గౌతమ్ తన కొడుకే. ఇన్ని సంబంధాలు చూస్తే వాడికి నచ్చింది ఆ స్పందన ఒక్కతే. లేచి పారిపోదామనుకున్నాడు. పారిపోతే మాత్రం, రేపు గొంతు పట్టివ్వదూ?

దీపాలు వెలిగాయి. ఈశ్వరరావు మెల్లగా రుమాలు తీసి, మడిచి జేబులో పెట్టుకున్నాడు.

“ఆ చాదస్తుణ్ణి నేనేనండీ.”

తెనాలాయన రుమాలు దానంతటదే జారిపోయింది. రెండు చేతులూ జోడించాడు. “బాబ్బాబు, నా తప్పుకి పిల్లని కాదనకండి!”

“ఊరుకోండి బావగారూ! పదకొండింటికి వర్జ్యం ఉందని చెప్పి చూపులు సాయంత్రానికి నేను మార్పిస్తా, మీరెళ్ళి రేపటికి రెండు టిక్కెట్లు తీసుకోండి.”