రెండో గ్లాసు

మా ఆయన పోయిన రోజు నేను బడిలో ఉన్నాను. ఓడరేవులో పనిచేసి రిటైరైన పెద్దవాళ్ల మీద డాక్యుమెంటరీ తీస్తున్న దీనా, ఆ మధ్యాహ్నమే మల్కాపురంలోని మా ఇంట్లో ఆయన్ని మాట్లాడించింది. ఈ రాత్రి ఆ వీడియో తెచ్చింది.

అందులో ఆయన రెండు గ్లాసుల్లో టీ పోశారు. ఒకటి పక్కనున్న ఖాళీ కుర్చీ ముందు పెట్టి, "సల్లారిపోతాది, తాగవే," అన్నారు మెత్తగా. నాకెన్నడూ టీ పోసివ్వని మనిషి.

"ఆ టీ నీకేనా?" అన్నాను దీనాతో.

"నాను టీ తాగను, టీచరుగారూ. ఆ కుర్సీలో ఎవరూ లేరు."

దీనా వెళ్లాక మళ్లీ చూశాను. ఎవరో టీ జుర్రుకున్న చప్పుడు. ఆయన ఆ కుర్చీ వైపే చూసి నవ్వుతున్నారు. నాకు భయం కన్నా ముందు కుళ్లు పుట్టింది.

"ఎవర్తది?" అని తెరనడిగాను.

ఆయన పోయిన ఆ సాయంత్రం నేను ఇంటికొచ్చేసరికి బల్ల మీద రెండు గ్లాసులూ ఖాళీగా ఉన్నాయి. ఆయనది కడిగాను. రెండోది ఇంకా కడగలేదు.